వెన్నెల కాయించిన ఛాయాగ్రాహకుడు – మార్కస్ బార్ట్లే

డిసెంబరు 17 మన పెన్షనర్లకు పండుగ రోజు. పెన్షన్ ప్రభుత్వం దయతలచి ఇచ్చే భిక్ష కాదని, ఉద్యోగి చేసిన సేవకు దక్కవలసిన హక్కు అని 1982లో అదే రోజున సుప్రీంకోర్టు నకారా కేసులో తీర్పు చెప్పింది. ఆ సందర్భంగా వెలువడే ప్రత్యేక సంచికలో ప్రతి ఏడూ ఒక మహనీయుని జీవితం ప్రచురించడం మన సంఘం ఆనవాయితీ. దేశ నాయకులు, కవులు, స్వాతంత్ర్య సమరయోధులు, సంఘ సంస్కర్తల గురించి ఇంతవరకు చదువుకున్నాం. ఈసారి ఒక సినిమా కెమేరామన్ గురించి రాస్తున్నందుకు కొందరు మిత్రులు ఆశ్చర్యపోవచ్చు. చేసిన పని అందరి కళ్ళ ముందు ఉండి, చేసిన మనిషి ఎవరికీ కనబడకపోవడం మన గుమాస్తాలకు కొత్త సంగతి కాదు. అందుకే ఆయన జీవితం మన సంచికకు తగినదేనని నేను అనుకుంటున్నాను.

నల్లగొండ, మహబూబ్‌నగర్ జిల్లాల్లో పాత సినిమాల ప్రస్తావన వస్తే నటుల పేర్లు చెప్పనివారు ఉండరు. కోదాడ దగ్గరి గుడిబండలో పుట్టి కత్తి వీరుడిగా పేరు తెచ్చుకున్న కాంతారావు గారు, తుంగతుర్తి వాడైన ప్రభాకర్ రెడ్డి గారు మనవాళ్ళని గర్వంగా చెప్పుకుంటాం. రామారావు, నాగేశ్వరరావు, ఎస్వీ రంగారావు, సావిత్రి గార్ల సంగతి చెప్పనే అక్కరలేదు. కానీ 'పాతాళభైరవి', 'మిస్సమ్మ', 'మాయాబజార్', 'జగదేకవీరుని కథ', 'గుండమ్మ కథ' అనే అయిదు చిత్రాలకూ కెమేరా పట్టింది ఒకే మనిషి అని, ఆయన పేరు మార్కస్ బార్ట్లే అని ఎందరికి తెలుసు? మన ఇళ్ళలో మూడు తరాలు ఆయన చూపించినదే చూశాయి.

మార్కస్ బార్ట్లే 1917లో జన్మించారు. ఆంగ్లో ఇండియన్ కుటుంబం వారిది. తెలుగు ఆయన ఇంటి భాష కాదు. మన పురాణాలు తల్లి ఒడిలో విన్నవారూ కాదు. చిన్న వయసులోనే కెమేరా చేతపట్టి, 1930ల నడుమ 'టైమ్స్ ఆఫ్ ఇండియా' పత్రికలో ఫొటోగ్రాఫరుగా చేరారు. తరువాత బ్రిటిష్ మూవీటోన్ సంస్థకు వార్తా చిత్రాలు తీసే కెమేరామన్‌గా పనిచేశారు.

వార్తా చిత్రం తీసేవాడి పని ఎలాంటిదో ఒకసారి ఆలోచించాలి. సభ జరుగుతుంది, ఊరేగింపు వెళుతుంది, వరద వస్తుంది. అవి ఎవరి కోసమూ ఆగవు. ఎండ ఎటు ఉంటే అటు తిరిగి, ఉన్న వెలుతురులోనే తీయాలి. రెండవసారి తీసే అవకాశం ఉండదు. కళ్ళ ముందున్న వెలుతురు ఫిల్ము మీద ఎలా పడుతుందో క్షణంలో అంచనా వేయడం అక్కడ తప్పనిసరి. బార్ట్లే గారు స్టూడియోలోకి రాకముందే ఆ విద్య నేర్చారు.

ఆయనను తెలుగు సినిమాకు చేర్చింది వాహినీ సంస్థ. బి.ఎన్. రెడ్డి గారి దర్శకత్వంలో 1945లో వచ్చిన 'స్వర్గసీమ'కు ఆయన ఛాయాగ్రహణం వహించారు. నాగయ్య, భానుమతి గార్లు నటించిన చిత్రం అది. ఘంటసాల గారి గొంతు కూడా అందులో వినిపిస్తుంది. ఆ తరువాత కె.వి. రెడ్డి గారి 'యోగి వేమన' 1947లో, 'గుణసుందరి కథ' 1949లో వచ్చాయి. వేమన జీవితం ఒక రకం, రాజులు రాకుమార్తెల జానపదం మరొక రకం. రెండింటికీ కెమేరా బార్ట్లే గారిదే.

కె.వి. రెడ్డి గారితో కుదిరిన జత తెలుగు సినిమాకు పెద్ద మేలు చేసింది. రెడ్డి గారు లెక్క మనిషి. స్క్రిప్టు అంతా ముందే సిద్ధం చేసుకుని, ఏ సన్నివేశం ఎన్ని నిమిషాలు నడవాలో గడియారం పట్టి నిర్ణయించుకునేవారని పేరు. అలాంటి దర్శకుడికి చెప్పిన వేళకు చెప్పినట్లు వెలుతురు సిద్ధం చేసే కెమేరామన్ దొరకడం అదృష్టమే. ఆఫీసులో పద్ధతి తెలిసిన అధికారికి పని తెలిసిన గుమాస్తా తోడైతే ఫైలు ఎలా నడుస్తుందో మనకు తెలుసు కదా!

బి. నాగిరెడ్డి, చక్రపాణి గార్లు విజయా సంస్థను స్థాపించాక బార్ట్లే గారు ఆ సంస్థ ఆస్థాన ఛాయాగ్రాహకుడు అన్నంతగా అక్కడ పనిచేశారు. 1951లో విడుదలైన 'పాతాళభైరవి' ఆ సంస్థకు తిరుగులేని పేరు తెచ్చింది. పింగళి నాగేంద్రరావు గారి రచన, మాధవపెద్ది గోఖలే, కళాధర్ గార్ల కళ, నేపాళ మాంత్రికుడిగా రంగారావు గారి నటన దానికి అమరాయి. 1952 జనవరిలో మన దేశంలో మొట్టమొదటి అంతర్జాతీయ చలనచిత్రోత్సవం బొంబాయిలో మొదలైంది. అందులో ప్రదర్శించిన దక్షిణాది చిత్రం 'పాతాళభైరవి' ఒక్కటే.

ఆ చిత్రంలోని మాయలు, మాయమైపోవడాలు నేటి పిల్లలకు వింతగా తోచవు. ఇప్పుడు కంప్యూటరు ఉంది. ఆనాడు ఉన్నది కెమేరా, దీపాలు, ఫిల్ము, ఫిల్ము కడిగే ల్యాబు మాత్రమే. మనిషి ఉన్నట్టుండి మాయం కావాలంటే కెమేరాను కదలకుండా బిగించి, ఆపి, నటుణ్ణి పక్కకు తప్పించి, మళ్ళీ నడపాలి. ఆ మధ్యలో కెమేరా ఆవగింజంత కదిలినా, ఒక్క దీపం జరిగినా గుట్టు బయటపడుతుంది. తీసినది ఎలా వచ్చిందో వెంటనే చూసుకునే వీలు లేదు. ల్యాబు నుంచి ఫిల్ము కడిగి వచ్చేదాకా మనసులో నమ్మకం ఒక్కటే ఆధారం.

ఇక్కడ చిన్న లెక్క చెబుతాను. సినిమా ఫిల్ము సెకనుకు 24 బొమ్మల చొప్పున నడుస్తుంది. మూడు గంటల సినిమా అంటే 2,59,200 బొమ్మలు. వీటిలో ప్రతి బొమ్మకూ వెలుతురు సరిపోవాలి. నిన్న తీసిన దృశ్యం, నాలుగు నెలల తరువాత తీసిన దృశ్యం తెర మీద పక్కపక్కన వచ్చినప్పుడు ఒకే పూట జరిగినట్లు కనిపించాలి. రిజిష్టరులో ఒక్క అంకె తప్పితే మొత్తం కూడిక తప్పినట్లే, ఒక్క దృశ్యంలో వెలుతురు తప్పితే చూసేవాడి భ్రమ చెదిరిపోతుంది.

పైగా ఆ కాలంలో విజయా వారి చిత్రాలు కొన్ని తెలుగులోను, తమిళంలోను కలిపి తీసేవారు. 'పాతాళభైరవి', 'మిస్సమ్మ', 'మాయాబజార్' అలా వచ్చినవే. నటులు మారినప్పుడు అదే సెట్టులో అదే దృశ్యాన్ని మళ్ళీ తీయాలి. ఒకరి ముఖం గుండ్రం, ఇంకొకరిది కోల. ఒకరికి నప్పిన వెలుతురు మరొకరికి నప్పదు. 'మిస్సమ్మ' విషయంలో ఇంకొక శ్రమ కూడా పడవలసి వచ్చింది. మొదట భానుమతి గారితో కొన్ని రీళ్ళు తీశాక ఆ పాత్ర సావిత్రి గారికి మారింది. తీసిన భాగమంతా మళ్ళీ తీయవలసి వచ్చింది. 1955లో చిత్రం విడుదలైనప్పుడు ఆ శ్రమ జాడ తెర మీద ఎక్కడా లేదు. ఇంట్లో మాట్లాడుకుంటున్నట్లు తేలికగా సాగే కథ, దానికి తగిన హాయి గొలిపే వెలుతురు మాత్రమే మనకు కనిపిస్తాయి.

ఇక 'మాయాబజార్'. 1956 నవంబరు 1న మన జిల్లాలు ఆంధ్రప్రదేశ్‌లో చేరిన అయిదు నెలలకు, 1957 మార్చి 27న ఆ చిత్రం విడుదలైంది. అప్పటి మన పెద్దలలో చాలామంది ఉర్దూలో చదువుకుని, ఉర్దూలో కచేరీ పని చేసినవారు. పల్లెల్లో భారత కథ వారికి హరికథల ద్వారా, యక్షగానాల ద్వారా, చిందు భాగోతాల ద్వారా తెలిసినదే. ఆ కథే తెర మీద కదలడం, అందులో ద్వారక కనబడడం వారికి అపురూపమైంది.

ఆ ద్వారక నిజమైన ఊరు కాదు. యాభై అడుగులకు అరవై అడుగుల జాగాలో సుమారు మూడు వందల బొమ్మ ఇళ్ళు కట్టి తయారుచేసిన పట్టణం. మన ఊళ్ళో మోతుబరి ఇంటి వాకిలి అంత ఉంటుందేమో ఆ స్థలం! కట్టినవారి నైపుణ్యం గొప్పదే. కానీ బొమ్మ ఇల్లు బొమ్మ ఇల్లుగానే కనిపిస్తే ఫలితం ఏముంది? దాని మీద వెలుతురు ఎంత ఎత్తు నుంచి పడాలి, నీడ ఎంత పొడవు ఉండాలి, ఏ వైపు మసకగా ఉంచాలి అన్నది సరిగా కుదిరితేనే చూసేవాడికి అది మహానగరం అవుతుంది. ఆ కుదిర్చిన చేయి బార్ట్లే గారిది.

ఆ సినిమాలో పడవ పాట తెలియని తెలుగువాడు లేడు. శశిరేఖా అభిమన్యులు వెన్నెల్లో పడవ మీద విహరిస్తుంటే, ఆ తరువాత కృష్ణుడు, రుక్మిణి వచ్చి చేరుతారు. దానిలో కొంత భాగం మద్రాసు దగ్గర ఎన్నూరులో నీళ్ళ మీద తీసి, మిగిలినది స్టూడియోలో తీశారు. తెర మీద ఏది ఎన్నూరు, ఏది స్టూడియో అని నేటికీ సామాన్య ప్రేక్షకుడు విడదీసి చెప్పలేడు.

నిజమైన వెన్నెల ఆనాటి ఫిల్ముకు చాలదు. నిండు పున్నమి నాడు కెమేరా పెట్టినా దాదాపు చీకటే వస్తుంది. కనుక సినిమాలో వెన్నెల అంతా మనిషి దీపాలతో కాయించినదే. దీపం ఎక్కువైతే పగలులా ఉంటుంది, తక్కువైతే ముఖాలు కనబడవు. నటి ముఖం తెలుపుగా మెరవాలి, కానీ నేరుగా దీపం పడినట్లు ఉండకూడదు. నీటి మీద తళుకు కనిపించాలి, ఆ తళుకు కన్ను చెదరగొట్టకూడదు. ఆపైన నలుపు తెలుపు చిత్రంలో రంగులన్నీ బూడిద ఛాయలుగా మారిపోతాయి. ఎర్ర చీర, ఆకుపచ్చ రవిక ఒకే ఛాయలో కలిసిపోయే ప్రమాదం ఉంది. వాటిని వెలుతురుతోనే విడదీయాలి. ఇవన్నీ సమకూర్చి ఆయన కాయించిన వెన్నెలకు మార్కస్ బార్ట్లే వెన్నెల అనే పేరే స్థిరపడింది. ఒక మనిషి పేరుతో వెన్నెలను పిలవడం కన్నా పెద్ద బిరుదు ఏముంటుంది?

మా చిన్నతనంలో ఈ చిత్రాలు పల్లెలకు కొత్తగా వచ్చేవి కావు. పట్నాలన్నీ తిరిగి తిరిగి, ఏళ్ళు గడిచాక, టూరింగ్ టాకీసు డేరాలోకి వచ్చేవి. నేల టికెట్టు కొనుక్కుని ఇసుకలో కూర్చునేవాళ్ళం. ఒకే ప్రొజెక్టరు కావడం వల్ల రీలు మార్చినప్పుడల్లా ఆట ఆగేది. అప్పటికి ఆ ప్రింటు మీద గీతలు పడి తెరంతా వాన కురుస్తున్నట్లు ఉండేది. అయినా పడవ పాట రాగానే డేరా అంతా సద్దుమణిగేది. పగలంతా ఎండలో పల్లి చేనులోనో, కంది చేనులోనో పనిచేసి వచ్చినవాళ్ళు ఆ వెన్నెలను కన్నార్పకుండా చూసేవారు. గీతల మధ్య నుంచి కూడా చల్లగా తాకిన వెన్నెల అది.

1961లో వచ్చిన 'జగదేకవీరుని కథ'లో మరొక అద్భుతం ఉంది. ఒక పాటలో ఒకే తెర మీద పలువురు రామారావులు కూర్చుని, ఒకరు పాడుతుంటే మిగిలినవారు వాద్యాలు వాయిస్తారు. ఇలాంటి దృశ్యాలకు ఆ రోజుల్లో వాడుకలో ఉన్న పద్ధతి ఇది. కెమేరా ముందు ఒక భాగం తప్ప మిగిలినదంతా మూసి, నటుణ్ణి ఆ భాగంలో కూర్చోబెట్టి తీస్తారు. తరువాత ఫిల్మును సరిగ్గా మొదటి బొమ్మ దాకా వెనక్కి తిప్పి, తీసిన భాగం మూసి, మరొక భాగం తెరిచి, నటుణ్ణి అక్కడ కూర్చోబెట్టి మళ్ళీ తీస్తారు. ఎందరు కనిపించాలో అన్నిసార్లు ఇలా చేయాలి. చివరిసారి పొరపాటు జరిగితే మొదటి నుంచి చేసినదంతా వృథా. దిద్దుబాటుకు అవకాశం లేని పని అది. ప్రేక్షకుడు మాత్రం రామారావు గారిని చూసి చప్పట్లు కొడతాడు. చప్పట్లు కొట్టించడమే కెమేరామన్ ఉద్దేశం కూడాను.

మాయలు, వెన్నెలలే ఆయన విద్య అనుకోరాదు. 'పెళ్ళి చేసి చూడు' 1952లో, 'అప్పు చేసి పప్పు కూడు' 1959లో, 'గుండమ్మ కథ' 1962లో వచ్చాయి. ఇవి వంటిళ్ళు, వసారాలు, పెరళ్ళ కథలు. ఇక్కడ కెమేరా ఏ ఆడంబరమూ చేయదు. గుండమ్మ గారి ఇల్లు మన వీధిలో ఇల్లులాగే ఉంటుంది. ఎక్కడ గొప్పతనం చూపాలో, ఎక్కడ ఒదిగి ఉండాలో తెలిసినవాడే పనివాడు.

రంగుల కాలం వచ్చాక నలుపు తెలుపు పనివాళ్ళు కొందరు వెనకబడ్డారు. బార్ట్లే గారు ఆగిపోలేదు. తకళి శివశంకర పిళ్ళై గారి నవల ఆధారంగా రాము కరియాట్ గారు మలయాళంలో తీసిన 'చెమ్మీన్' 1965లో విడుదలైంది. చేపలు పట్టేవారి జీవితం, సముద్రం, ఎండ, గాలి దాని నిండా ఉంటాయి. స్టూడియోలో వెన్నెల కాయించిన మనిషి ఇప్పుడు సముద్రపు ఒడ్డున రంగులు పట్టారు. దక్షిణాది నుంచి రాష్ట్రపతి స్వర్ణపతకం అందుకున్న మొదటి చిత్రం అది. ఆ చిత్రంలో ఛాయాగ్రహణానికి వచ్చిన పేరు దేశమంతా పాకింది. మొదట నేర్చుకున్న వార్తా చిత్రాల విద్య అక్కడ అక్కరకు వచ్చి ఉంటుందని నాకు అనిపిస్తుంది. సముద్రం కూడా ఎవరి కోసమూ ఆగదు కదా!

1967లో నాగిరెడ్డి గారు హిందీలో నిర్మించిన 'రామ్ ఔర్ శ్యామ్'కు కెమేరా ఆయనదే. తాపీ చాణక్య గారి దర్శకత్వంలో దిలీప్ కుమార్ గారు ద్విపాత్రాభినయం చేసిన చిత్రం అది. 1969లో తమిళంలో వచ్చిన 'శాంతి నిలయం'కు రంగుల ఛాయాగ్రహణంలో జాతీయ బహుమతి లభించింది. 'స్వర్గసీమ' నాటికి ఇరవై ఎనిమిదేళ్ళు, 'శాంతి నిలయం' నాటికి యాభై రెండేళ్ళు. మనం ఉద్యోగంలో పదోన్నతి కోసం ఎదురుచూసే వయసులో ఆయన కొత్త విద్య నేర్చి, దానిలో దేశంలో మొదటివాడుగా నిలిచారు.

మార్కస్ బార్ట్లే గారు 1993లో కన్నుమూశారు. ముప్పై ఏళ్ళు దాటిపోయింది. ఆయన దీపాలు వెలిగించిన వడపళని స్టూడియో ఆవరణలో కొంత భాగంలో 1972లోనే నాగిరెడ్డి గారు విజయా ఆస్పత్రి నెలకొల్పారు. తరువాతి కాలంలో అక్కడ పెద్ద మాల్ కూడా వెలిసింది. ద్వారక కట్టిన చోట నేడు కార్లు నిలుపుకుంటున్నారేమో! 2010 జనవరి 30న 'మాయాబజార్' రంగులు అద్దుకుని మళ్ళీ విడుదలైంది. పిల్లలు సంతోషించారు, చిత్రం కొత్త తరానికి చేరింది, మంచిదే. అయితే ఆయన ఆ వెన్నెలను నలుపు తెలుపుల కోసం లెక్క కట్టి కాయించారు. రంగుల ప్రతి చూసినవారు ఒక్కసారైనా పాత ప్రతి కూడా చూడాలని నా మనవి. పడవ పాట ఒక్కటి రెండింటిలోను చూస్తే తేడా ఎవరూ చెప్పకుండానే తెలుస్తుంది.

మన పాలమూరు కూలీలు దేశమంతా తిరిగి ఆనకట్టలు కట్టారు. ఆనకట్ట దగ్గర శిలాఫలకం మీద ప్రారంభించినవారి పేరు ఉంటుంది, రాయి మోసినవారి పేరు ఉండదు. ఆఫీసుల్లో నోటు రాసేది గుమాస్తా, కింద సంతకం అధికారిది. లోకం తీరు అది. దానికి బాధపడుతూ కూర్చుంటే పని సాగదు. కానీ పని చేసినవాడి పేరు తెలుసుకునే అవకాశం ఉన్నప్పుడు తెలుసుకోకపోవడం మాత్రం మన లోపమే. సినిమాలో ఆ అవకాశం ఉంది. మొదట్లో వచ్చే పేర్లలో ఛాయాగ్రహణం అన్న మాట దగ్గర ఆయన పేరు ఇప్పటికీ పడుతూనే ఉంది. ఆ పేర్లు వచ్చేటప్పుడే మనం మంచినీళ్ళకని లేస్తాం, మనవడు ఫోనులో వాటిని దాటవేసి నేరుగా కథలోకి వెళతాడు.

సభ్యులందరికీ, వారి కుటుంబాలకూ నాదొక విన్నపం. ఈసారి ఇంట్లో 'మాయాబజార్' పెట్టినప్పుడు ఆ మొదటి రెండు నిమిషాలు దాటవేయకండి. కళ్ళజోడు తుడుచుకుని, మనవలను, మనవరాళ్ళను పక్కన కూర్చోబెట్టుకుని, మార్కస్ బార్ట్లే అన్న పేరు వచ్చినప్పుడు వేలు పెట్టి చూపించండి. పిల్లలు ఎవరని అడిగితే, వెన్నెల కాయించిన తాత అని చెప్పండి. ఆయనకు మనం చెల్లించవలసిన బకాయి అంతే.